నియామకము చెల్లనిచో తీర్పు చెల్లునా?

న్యాయాధిపతి నియామకమే చెల్లదని తేలినచో, ఆయన చెప్పిన తీర్పుల గతి యేమి? ఆంధ్రప్రదేశ్ నుండి వచ్చిన యీ ప్రశ్నకు 1981లో సుప్రీముకోర్టు బదులు చెప్పినది. సెషన్సు జడ్జీల నియామకములు రద్దయినను, అంతకు ముందు వారిచ్చిన తీర్పులు నిలుచునని జస్టిస్ చిన్నప్పరెడ్డిగారు నిర్ణయించిరి. నియామకమందలి లోపము ప్రజల తలకు చుట్టుకొనరాదు. ఇది ధర్మమేయని మేమును తలంచుచున్నాము.

అయితే ఆ రక్ష ప్రజలకే గాని యుద్యోగికి గాదు. ప్రకటనయు పోటీయు లేక దొడ్డిదారిని జేరినవారికి స్థిరత్వము కోరు హక్కు లేదని 2006లో ఉమాదేవి వ్యాజ్యమున అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనము తేల్చెను. మంజూరైన ఖాళీలలో, అర్హత గలిగి, కోర్టు ఉత్తర్వుల యండ లేకయే పదేండ్లు పనిచేసినవారిని మాత్రము ఒక్కమారు పరిశీలింపుమనెను.

దొడ్డితలుపు తెరచినది అధికారి. వీధిని బడునది చిరుద్యోగి. కావున కొలువు నిండిన పిమ్మట కోర్టున కెక్కుట కంటె, నిండక మునుపే “ప్రకటన యేది?” యని మనమందరము అడుగుట మేలు.