కాలయంత్రము – పచ్చపింగాణి సౌధము



ఇంగ్లండు దేశమున బ్రామ్లీ యను ఊరిలో పింగాణిపాత్రల దుకాణము నడుపుకొనుచుండిన యొక చిన్న వర్తకుని కుమారునికి 1874లో కాలు విరిగినది. బాలునికి అప్పటికి ఏడేండ్లు. మంచము దిగలేని ఆ బిడ్డకు తండ్రి అచ్చటి గ్రంథాలయమునుండి పుస్తకములు తెచ్చి యిచ్చుచుండెను. కాలు అతుకుకొనెను గాని, పుస్తకముల రుచి మాత్రము వదలలేదు. ఆ బాలుడే హెచ్. జి. వెల్స్. పిదప నతడు బట్టల దుకాణములో పనికి కుదిరి, అందిముడలేక బయటపడి, లండనులో హక్స్‌లీ పండితునివద్ద జీవశాస్త్రము చదివి, 1895లో ‘కాలయంత్రము’ అను చిన్న నవలను వెలువరించెను. కాలమును వశపరచుకొను శాస్త్రమొకటి కలదని కల్పించి వ్రాసిన కథలలో దానికి నేటికిని పెద్దపీటయే.

ఆ కథలోని శాస్త్రజ్ఞునకు పేరు లేదు. అందరును ‘కాలయాత్రికుడు’ అనియే అందురు. విందునకు వచ్చిన మిత్రులకు అతడు బోధించిన సిద్ధాంతమును ధాన్యపు గాదెతో తెలిసికొనవచ్చును. గాదెకు పొడవు, వెడల్పు, ఎత్తు కలవు. కాని ఒక్క క్షణమైనను నిలువని గాదె యుండునా? అందు ధాన్యము పోయుట యెట్లు? కావున అది నిలిచియుండు కాలమును దానికొక కొలతయే, నాల్గవ కొలత. తక్కిన మూడింటియందు కదలగల మనుష్యుడు నాల్గవ దానియందేల కదలరాదు? పైకి లేచుటయు ఒకప్పుడు గంతు వేయునంతమట్టుకే సాధ్యమై యుండెను. బెలూను పుట్టిన పిమ్మట మేఘములవరకు పోయిరి. ఈ వాదముతో అతడు నికెలు, దంతము, స్ఫటికములతో నొక యంత్రము కట్టి, జీనువంటి ఆసనముపై కూర్చుండి మీట నొక్కెను.

ఇచ్చట మిత్రులకొక సందేహము కలిగినది. యంత్రము నడుమనున్న దినములన్నిటిని దాటిపోవుచున్నచో, ఆ దినములందు అది యున్నచోటనే కనబడవలదా? వడిగా తిరుగు చక్రపు ఆకులు కనబడనట్లే యిదియు కనబడదని సమాధానము. సమాధానము చమత్కారముగా నున్నది గాని తృప్తికరముగా లేదు. తిరుగు చక్రములో వ్రేలు పెట్టినవాడు ఆకులు లేవని యనడు గదా! ఆ కథలోనో, మాయమైన నమూనాయంత్రము ఉండినచోట చేయి త్రిప్పి చూపినను చేతికేమియు తగులలేదు.

అయినను వెల్స్ తాను పెట్టుకొన్న నియమమును గట్టిగా పాటించెను. ఆ యంత్రము కాలమునందే కదలును గాని స్థలమునందు కదలదు. భవిష్యత్తులో నెవరో దానిని పచ్చికబయలినుండి యీడ్చుకొనిపోయి ఱెక్కల సింహవిగ్రహపు పీఠములో దాచిరి. తిరిగివచ్చునప్పటికి అది ప్రయోగశాలలో బయలుదేరిన మూలనుగాక ఎదుటి మూలను నిలిచెను. ఆ రెండు మూలల నడిమి దూరము, దానిని ఈడ్చిన దూరమునకు సరిగా సరిపోయినది.

కథ యటుండగా, నిజమైన శాస్త్రమేమి చెప్పుచున్నది? కాలగమనము అందరికి నొకేతీరుగా నుండదని 1905లో ఐన్‌స్టీన్ చూపెను. 1971లో హాఫెలే, కీటింగ్ అను శాస్త్రజ్ఞులు అణుగడియారములను విమానములలో భూమిచుట్టును త్రిప్పిరి. తూర్పునకు పోయినవి ఇంటనున్న గడియారములకంటె 59 నానోసెకనులు వెనుకబడినవి. పడమటికి పోయినవి 273 నానోసెకనులు ముందునకు నడచినవి. నానోసెకను అనగా సెకనులో నూరుకోట్లవ వంతు. గతమునకు మరలు మీట మాత్రము ఇంకను కథలలోనే యున్నది.

ఇట్టి కథ తెలుగువారికి బొత్తిగా క్రొత్తకాదు. భాగవతము నవమస్కంధమున రైవతుడు కుమార్తె రేవతికి వరుని నడుగుటకై బ్రహ్మలోకమునకు పోవును. క్షణకాలము వేచియుండునంతలో భూమిపై ఇరువదియేడు మహాయుగములు గడచిపోవును. తిరిగివచ్చునప్పటికి మనుష్యులు కుఱుచవారై, బలమును బుద్ధియు తగ్గియుండిరని విష్ణుపురాణము చెప్పును. వెల్స్ యాత్రికుడు 802701వ సంవత్సరమున దిగినప్పుడు చూచినవారును నాలుగడుగుల పొట్టివారే! ఎలాయ్ అను ఆ జాతివారు పండ్లు తిని, పూలతో నాడుకొని, చీకటికి జడిసి గుంపుగా పండుకొందురు. వారికి కావలసినవన్నియు భూగర్భమున మోర్లాకు లనువారు యంత్రములతో సమకూర్చుచు, రాత్రులందు పైకివచ్చి వారినే పట్టి తినుచుందురు. పూర్వమొకరు సుఖపడుటకు మరియొకరు నేలక్రింద పాటుపడుటవలన మానవజాతియే రెండుగా చీలినదని యాత్రికుని యూహ. వెల్స్ తల్లి కొలువుచేసిన జమీందారీ భవనములో పనివారు నడచుటకు నేలక్రింద సొరంగములుండెను.

కథలో గ్రంథాలయమునకు సంబంధించిన ఘట్ట మొక్కటే కలదు. యాత్రికుడు వీనా యను ఎలాయ్ బాలికతో పచ్చపింగాణి సౌధమును చేరును. అది పూర్వకాలపు వస్తుప్రదర్శనశాల. ద్వారముపై తెలియని లిపిలో నేదో వ్రాసియున్నది. దాని యర్థము వీనా చెప్పునేమో యని యాశించెను. ఆమెకు ఆ లిపి రాకపోవుట కాదు. వ్రాత యనునది యొకటి కలదను తలంపే ఆమె కెన్నడును కలుగలేదు. లోపలి యొక మందిరమున చింపిరిగుడ్డలవంటివి వ్రేలాడుచుండెను. అవి పుస్తకములు! అక్షరమన్న జాడలేదు, వంకరపోయిన అట్టలు, పగిలిన లోహపు పట్టీలు మాత్రమే మిగిలినవి. ఎంతమంది యెంత శ్రమ వ్యర్థమైనదో యని యతడు తలపోసెను. తాను వ్రాసిన పదునేడు శాస్త్రవ్యాసములును అప్పుడు గుర్తునకు వచ్చినవి. ఆ సౌధమంతయు వెదకగా పనికివచ్చునవిగా దొరికినవి గాలి చొరని పెట్టెలోని అగ్గిపుల్లలును, మూతబిగించిన సీసాలోని కర్పూరమును. చీకటి జాతిని దూరముంచుటకు ఆ రాత్రి అవి యక్కరకు వచ్చెను గాని వీనా మాత్రము అడవిలో దక్కలేదు.

యాత్రికుడు ఇంటికి వచ్చి కథ చెప్పి, మరునాడు చిన్న కెమెరాయు, సంచియు తీసికొని మరల బయలుదేరెను. మూడేండ్లు గడచినను రాలేదు. 1960లో జార్జి పాల్ ఈ కథను చలనచిత్రముగా తీసినప్పుడు చివరను వెల్స్ వ్రాయని సంగతి యొకటి చేర్చెను. యంత్రముతో యాత్రికుడు మాయమైన పిమ్మట మిత్రుడును, ఇల్లు చూచుకొను స్త్రీయు పుస్తకముల బీరువా వైపు చూతురు. అందు మూడు పుస్తకముల చోటు ఖాళీగా నున్నది. అవి యేవో వారికి తెలియదు, చిత్రమును చెప్పలేదు.