అండగా నిలిచిన ఆటగాడు: డాక్టర్ తలిమెరెన్ ఆవో



మన సభల్లో కొమురం భీమ్‌ను తలచుకుంటాం, జల్ జంగల్ జమీన్ గురించి మాట్లాడుకుంటాం. ఈసారి ఒక ఫుట్‌బాల్ ఆటగాడి గురించి చెప్పాలని మేము అనుకున్నాం. మన పిల్లల్లో బంతి అంటే ప్రాణం పెట్టేవాళ్లు ఎందరో ఉన్నారు. "ఆటా, చదువా? ఏదో ఒకటి తేల్చుకో" అని ఇంట్లో మాటలు పడుతున్నవాళ్లూ ఎందరో ఉన్నారు. అందుకే ఈ కథ మీకు చెప్పాలనిపించింది.

ఆయన పేరు తలిమెరెన్ ఆవో. అందరూ టి. ఆవో అంటారు. 1918 జనవరి 28న నాగా కొండల్లోని చాంగ్‌కీ అనే ఊళ్లో, ఆవో నాగా తెగలో పుట్టారు. తండ్రి క్రైస్తవ బోధకుడు. 1935లో తండ్రి టైఫాయిడ్‌తో చనిపోయారు. కొడుకు డాక్టరై తన జనానికి వైద్యం చేయాలన్నది ఆ తండ్రి కోరిక. అప్పటికి ఆవోకు పదిహేడేళ్లు. విషజ్వరాలు ఇళ్లను ఎలా కూల్చేస్తాయో మన ఏజెన్సీ పల్లెల్లో ఎవరికీ విడమరచి చెప్పక్కర్లేదు.

గౌహతిలోని కాటన్ కాలేజీలో చదువుతూ అక్కడి మహారాణా క్లబ్‌కు ఆడారు. 1942లో కలకత్తాలోని కార్మైకేల్ మెడికల్ కాలేజీలో సీటు వచ్చింది. ఇప్పుడు దాన్నే ఆర్.జి. కర్ మెడికల్ కాలేజీ అంటున్నాం. మరుసటి ఏడాదే మోహన్ బగాన్ క్లబ్ ఆయన్ను తీసుకుంది. అంతకుముందు ముందు వరసలో ఆడిన ఆయన్ను ఆ క్లబ్ వెనక్కి దించి రక్షణ బాధ్యత అప్పగించింది.

తమ్ముళ్లూ, ఇక్కడ ఒక మాట గమనించండి. గోల్ కొట్టినవాడి పేరు మర్నాడు పేపర్లో వస్తుంది. రక్షణలో ఆడేవాడు సరిగ్గా ఆడితే చెప్పుకోవడానికి ఏమీ మిగలదు, ఎందుకంటే జరగాల్సిన ప్రమాదం జరగదు. ఎదుటివాడు బంతి ఎటు తోస్తాడో ముందే పసిగట్టాలి, తొందరపడి కాలు పెట్టకూడదు, పక్కవాడు తప్పిపోతే ఆ చోటు తాను నింపాలి. ఆ పనిని ఆవో మోహన్ బగాన్‌కు తొమ్మిదేళ్లు చేశారు. ఆ జట్టుకు కెప్టెన్ కూడా అయ్యారు.

1948లో లండన్ ఒలింపిక్స్ జరిగాయి. స్వాతంత్ర్యం వచ్చాక మన దేశం పాల్గొన్న మొదటి ఒలింపిక్స్ అవే. ఫుట్‌బాల్ జట్టుకు కెప్టెన్ టి. ఆవో. ప్రారంభోత్సవంలో త్రివర్ణ పతాకం పట్టి భారత బృందానికి ముందు నడిచిందీ ఆయనే. స్వతంత్ర భారతం తన జెండాను ఆ వేదిక మీద ఒక కొండ బిడ్డ చేతుల్లో పెట్టింది.

జూలై 31న ఫ్రాన్స్‌తో మ్యాచ్. మనవాళ్లలో చాలామంది బూట్లు లేకుండా ఆడారు. కలకత్తా మైదానాల్లో అలా ఆడటం వాళ్లకు అలవాటే. ఫ్రాన్స్ ముందు ఒక గోల్ చేసింది. సారంగపాణి రామన్ స్కోరు సమం చేశారు. మనకు రెండు పెనాల్టీలు దొరికినా రెండూ చేజారాయి. ఆట ముగుస్తుందనగా ఫ్రాన్స్ ఇంకో గోల్ కొట్టి 2-1తో గెలిచింది. ఓడిపోయినా, ఐరోపాలోని పేరున్న జట్టుకు చివరి నిమిషాల దాకా గెలుపు అందనివ్వలేదు మనవాళ్లు.

ఇంత ఆటలో చదువు ఏమైంది? మధ్యలో ఆగిపోలేదు. 1942లో కాలేజీలో చేరిన ఆయనకు ఎం.బి.బి.ఎస్. పట్టా 1950లో వచ్చింది. ఎనిమిదేళ్లు. మీలో ఇంటర్ ఒక ఏడాది ఆలస్యమైందని తలవంచుకుని తిరిగేవాళ్లు ఈ లెక్క గుర్తుపెట్టుకోండి.

1952 నాటికి మోహన్ బగాన్‌లో ఆయన ఆట ముగిసింది. అప్పటికి వయసు ముప్ఫై నాలుగు. అంత పేరున్న మనిషి, చేతిలో వైద్య పట్టా ఉంది. కలకత్తాలోనే స్థిరపడి ఉంటే ఎవరూ తప్పుపట్టేవారు కాదు. ఆయన మాత్రం నాగా కొండలకు తిరిగొచ్చి కోహిమాలో ప్రభుత్వ వైద్యుడిగా చేరారు. తర్వాత నాగాలాండ్ ఆరోగ్య సేవల డైరెక్టర్ అయ్యారు. 1978లో పదవీ విరమణ చేశారు. అంటే ఆటకంటే వైద్యానికే ఎక్కువ ఏళ్లు ఇచ్చారు. 1998లో కన్నుమూశారు. ఈశాన్య రాష్ట్రాల్లో ఈనాటికీ ఆయన పేరుతో ఫుట్‌బాల్ పోటీలు జరుగుతున్నాయి.

ఇప్పుడు కాలం మారింది. క్లబ్బులు కాంట్రాక్టు రాసి జీతాలిస్తున్నాయి. మన నిజామాబాద్ జిల్లా అమ్మాయి గుగులోత్ సౌమ్య భారత మహిళల జట్టు దాకా వెళ్లింది. ఆ దారి మీకూ ఉంది. కానీ ఎంత గొప్ప డిఫెండర్‌కైనా ముప్ఫై అయిదు దాటితే మోకాళ్లు మొరాయిస్తాయి. ఆ తర్వాత ముప్ఫై, నలభై ఏళ్ల బతుకు మిగిలి ఉంటుంది. ఆ బతుకు కోసం ఇంకో పని చేతిలో ఉండాలి. ఆవో ఆడుతున్న రోజుల్లోనే దాన్ని సిద్ధం చేసుకున్నారు.

అందుకని మేము అడిగేది మూడే మూడు. ఆశ్రమ పాఠశాలల్లో, గురుకులాల్లో చదివే పిల్లలు పోటీలకు పేరివ్వడానికి వెనకాడకండి. ఆడిన ప్రతి టోర్నమెంటు సర్టిఫికెట్ దాచుకోండి, స్పోర్ట్స్ కోటాలో అది మీకు పనికొస్తుంది. తల్లిదండ్రులారా, పిల్లలు బంతి పట్టుకోగానే పుస్తకం పారేశారని అనుకోకండి, సాయంత్రం ఒక గంట వాళ్లకు వదలండి.

చదివి, ఆడి, ఎంత దూరం వెళ్లినా సరే, మన ఊరి దవాఖానాలో డాక్టరు కుర్చీ, మన బడిలో పీఈటీ సారు పోస్టు ఖాళీగా ఉంటే, వాటి మీద ముందు మీ కన్ను పడాలని కోరుకుంటున్నాం.