ఇప్పచెట్టు కింద అరగంట
(యువజన సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



తమ్ముళ్లూ, చెల్లెళ్లూ! నేను చిత్రకారుణ్ని కాను. బడిలో లెక్కలు చెబుతాను. సంచిలో ఎప్పుడూ ఒక నోటుబుక్కు, బాల్‌పెన్ను ఉంటాయి, అంతే.

మొదటి బొమ్మ ఇప్పచెట్టు కింద వేశాను. మార్చి నెల, తెల్లవారుజాము. మా పెద్దమ్మ రాలిన పువ్వు ఏరుతోంది. ఫోన్‌తో ఫోటో తీస్తే క్షణం పని. గీయడానికి అరగంట కూర్చోవాల్సి వచ్చింది. పెద్దమ్మ తొంగి చూసి, "గంప అంచు అట్లుంటదా? మంచిగ చూడు" అన్నది గోండిలో. తర్వాత తనే మాట్లాడసాగింది. ఈ చెట్టు ఎవరిది, వాగు పక్క చెట్టు ఎవరికి పంచారు, ఏ ఏడాది పువ్వు సరిగా రాలలేదు... నేనేదీ అడగలేదు. ఆమె చేతులు పనిలో, నా చేతులు పనిలో. మాట దానంతటదే వచ్చింది. అన్నీ బొమ్మ పక్కనే రాసుకున్నాను. ఆ పేజీలో ఇప్పుడు బొమ్మకన్నా రాతే ఎక్కువ.

అమెరికాలోని సియాటెల్‌లో గాబ్రియేల్ కంపనారియో అనే పత్రికా చిత్రకారుడు 2007లో 'అర్బన్ స్కెచర్స్' మొదలుపెట్టారు. కళ్లముందున్నది చూస్తూ, అక్కడే కూర్చొని గీయాలన్నది వాళ్ల నియమం. పేరులో పట్నం ఉందని జంకకండి, జైనూర్ సంతలోనూ చెల్లుతుంది.

1940లలో హైమెండార్ఫ్ దంపతులు మార్లవాయిలో ఉండి మన తాతల జీవితాన్ని రాశారు, ఫోటోలు తీశారు. ఆ మేలు మరువలేం. మరి మన రోజుల సంగతి? దండారికి, నాగోబా జాతరకు కెమెరాలు వస్తాయి. మామూలు మంగళవారం నాడు ఎవరూ రారు. బోరు దగ్గర బిందెల వరుస, పత్తి ఏరే చేతులు, సిగ్నల్ కోసం గుట్టెక్కిన పిల్లగాడు, ఇవి మనమే గీయాలి. ప్లాస్టిక్ కుర్చీ ఉంటే అదే గీయండి. దాన్ని తీసేసి నెమలి ఈకలు పెట్టకండి.

గీసేముందు అడగండి. దేవుళ్లున్న చోట పెద్దలు వద్దంటే పుస్తకం మూసేయండి. తేదీ, ఊరు తప్పక రాయండి. అయ్యాక వాళ్లకే చూపండి, తప్పులు వాళ్లే పట్టిస్తారు.

మా తాత కట్టిన మట్టిగోడల ఇల్లు పడగొట్టి స్లాబు వేశాం. ఫోటోలున్నాయి, అన్నీ పెళ్లిళ్లవే, మనుషులు వరుసగా నిలబడ్డవి. వడ్ల గుమ్మి ఏ మూలన ఉండేదో అన్నకూ నాకూ ఇప్పటికీ వాదనే. పెద్దమ్మను అడుగుదామంటే, పోయిన వానాకాలం ఆమె కూడా వెళ్లిపోయింది.

భోజనాలకు ఇంకా గంట ఉంది. వెనక పెద్దలు కూరగాయలు కోస్తున్నారు. పుస్తకాలు పట్టుకొని రండి.