ఆకా, బెరడా, వేరా?

(మహాసభల విజ్ఞాన వేదిక ప్రసంగ పాఠం)



భోజనాలయ్యాక, అదీ ముద్దపప్పూ ఆవకాయా తిన్నాక, మందుమొక్కల గురించి వినడానికి ఇంతమంది వచ్చి కూర్చున్నందుకు ముందుగా కృతజ్ఞతలు. పక్క హాల్లో పాటల కార్యక్రమం ఉందని నాకూ తెలుసు. అందుకని సూటిగా విషయంలోకి వచ్చేస్తాను.

నేను డాక్టర్ని కాను. వృక్షశాస్త్రం చదివినవాణ్ణి అంతకంటే కాను. ఇంజనీరింగ్ చదివి, ఇరవై ఏళ్ళుగా సియాటిల్ దగ్గర సాఫ్ట్‌వేర్ రాసుకుని బతుకుతున్నవాణ్ణి. మరి నీకెందుకయ్యా ఈ గొడవ అంటారా? 2017లో మా ఆవిడకి రొమ్ము క్యాన్సర్ వచ్చింది. ఆవిడ ఈ హాల్లోనే మూడో వరసలో కూర్చుని, నేనేం వాగుతానో అని కంగారు పడుతోంది. ఆవిడ అనుమతి తీసుకునే చెబుతున్నాను.

వారానికోసారి చొప్పున 12 వారాలు పాక్లిటాక్సెల్ అనే మందు ఎక్కించారు. టాక్సాల్ అంటే మీలో చాలామందికి తెలుస్తుంది. జుట్టు పోయింది. వేళ్ళ కొసలు మొద్దుబారి, పొగలు కక్కే అన్నంలో పులిహోర కలుపుతుంటే చెయ్యి కాలుతున్న సంగతి కూడా తెలిసేది కాదు. ఆ మందు చుక్క చుక్కగా దిగుతున్నంతసేపూ నేను పక్క కుర్చీలో కూర్చునేవాణ్ణి. చేసేదేమీ లేక, అసలు ఈ మందు ఎక్కణ్ణుంచి వచ్చిందా అని చదవడం మొదలుపెట్టాను. చెట్టులోంచి వచ్చిందట! ఆ చెట్టు దొరికింది కూడా ఎక్కడో కాదు, మా ఇంటికి రెండు మూడు గంటల దూరంలో ఉన్న అడవిలో.

ఆ రాత్రి మార్కాపురంలో ఉన్న మా అమ్మకి ఫోన్ చేసి ఈ సంగతి చెప్పాను. మా తాతకి పచారీ కొట్టు ఉండేది. నల్లమల నుంచి చెంచులు తెచ్చే కుంకుళ్ళు, ఉసిరికాయలు, తేనె, బంక చూస్తూ పెరిగిన మనిషి మా అమ్మ. అంతా విని ఒక్కటే అడిగింది. "ఆకా, బెరడా, వేరా?" బెరడమ్మా అన్నాను. "అయ్యో, అయితే చెట్టు చచ్చిపోతుంది గదరా" అంది.

ఈ రోజు నేను చెప్పబోయేదంతా ఆ ఒక్క ప్రశ్న గురించే.

ఆ చెట్టు పేరు పసిఫిక్ యూ. పెద్ద పెద్ద డగ్లస్ ఫర్ చెట్ల నీడన చాలా నిదానంగా పెరుగుతుంది. ఎర్రటి పల్చటి బెరడు, సూదుల్లాంటి ఆకులు. కలప కంపెనీల దృష్టిలో అదొక పనికిరాని చెట్టు. అసలు చెట్లు నరికాక మిగిలిన చెత్తతో కలిపి దాన్ని తగలబెట్టేసేవారు. 1962 ఆగస్టులో అమెరికా వ్యవసాయ శాఖ తరఫున ఆర్థర్ బార్‌క్లే అనే వృక్షశాస్త్రవేత్త, వాషింగ్టన్ రాష్ట్రంలోని ప్యాక్‌వుడ్ దగ్గర, గిఫర్డ్ పిన్షో జాతీయ అడవిలో ఈ చెట్టు నమూనాలు సేకరించాడు. నార్త్ కరోలినాలోని రీసెర్చ్ ట్రయాంగిల్ ఇన్‌స్టిట్యూట్‌లో మన్రో వాల్, మన్‌సుఖ్ వాణి కలిసి ఆ బెరడులోంచి మందు పదార్థాన్ని విడదీసి, 1971లో దాని నిర్మాణాన్ని ప్రకటించారు. ఆ వాణి గారిది మహారాష్ట్రలోని నందుర్బార్. మనలాగే చదువు కోసం ఇక్కడికి వచ్చి ఇక్కడే ఉండిపోయిన మనిషి. 2020లో కాలం చేశారు. ఆ పదార్థం క్యాన్సర్ కణాన్ని ఎలా ఆపుతుందో 1979లో సూసన్ హార్విట్జ్ వివరించింది. 1992 డిసెంబరులో అండాశయ క్యాన్సర్‌కి, 1994లో రొమ్ము క్యాన్సర్‌కి ప్రభుత్వ అనుమతి వచ్చింది.

ఇక్కడే చిక్కు వచ్చిపడింది. కిలో మందు కావాలంటే సుమారు పది టన్నుల బెరడు కావాలి. నూరేళ్ళ చెట్టుని నిలువునా ఒలిస్తే మూడు కిలోల బెరడు వస్తుంది. ఇంజనీర్‌ని కదా, కాగితం తీసి లెక్క వేశాను. మా ఆవిడకి వారానికి 130 మిల్లీగ్రాములు, 12 వారాలకి కలిపి గ్రామున్నర. అంటే 15 కిలోల బెరడు. అంటే అయిదు చెట్లు. మా తాతకి తాత కాలంలో మొలిచిన అయిదు చెట్లు, మూడు నెలల్లో, ఒక్క మనిషి కోసం!

ఆ కాగితం చూస్తూ నన్ను నేనే ఒక ప్రశ్న వేసుకున్నాను. చెట్లా, భార్యా అంటే ఏమంటావు? దాచడానికేముంది, అడవి మొత్తం నరకమనేవాణ్ణి. మీరైనా అంతే. అందుకే చెట్టుకీ మనిషికీ మధ్య తగువు పెట్టేదాకా రానివ్వకూడదు. వచ్చాక ఏ చెట్టూ గెలవదు.

1980ల చివరికి ఈ తగువు నిజంగానే వచ్చింది. ఒక్క 1987లోనే క్యాన్సర్ పరిశోధనా సంస్థ 60,000 పౌండ్ల బెరడు కావాలంది. ఒక పక్క మందు కోసం ఎదురుచూసే రోగులు, మరో పక్క ఆ అడవిలోనే బతికే మచ్చల గుడ్లగూబని, పాత అడవుల్ని కాపాడమనేవాళ్ళు. 1992లో పసిఫిక్ యూ చెట్టు కోసమే అమెరికా కాంగ్రెస్ ఒక చట్టం చేయాల్సి వచ్చింది.

అసలు దారి మటుకు ప్రయోగశాలల్లో దొరికింది. ఫ్రాన్స్‌లో పియర్ పోటియే బృందం, యూరప్‌లో పెరిగే యూ చెట్టు ఆకుల్లో ఈ మందుకి దగ్గరి చుట్టం లాంటి పదార్థం ఉందని పట్టుకుంది. ఫ్లోరిడా స్టేట్ యూనివర్సిటీలో రాబర్ట్ హోల్టన్ దాన్ని అసలు మందుగా మార్చే మంచి పద్ధతి కనిపెట్టాడు. కొమ్మలు కత్తిరిస్తే ఆకు మళ్ళీ చిగురిస్తుంది. 1990ల మధ్యకల్లా అడవి బెరడు అవసరం తీరిపోయింది. ఆ తరువాత యూ చెట్టు కణాలని తొట్లలో పెంచి మందు తీసే పద్ధతి కూడా వచ్చింది. కాబట్టి 2017లో మా ఆవిడకి ఎక్కించిన మందు కోసం అయిదు చెట్లేమీ కూలలేదు. ఈ సంగతి తెలిశాక అమ్మకి మళ్ళీ ఫోన్ చేశాను. "ఆకమ్మా, బెరడు కాదు" అన్నాను. "బతికించావు" అంది. నన్నో, చెట్టునో, కోడల్నో!

కథ ఇక్కడితో సుఖాంతం అనుకుంటే పొరపాటు. ఆకుతో పని జరుగుతుందని తెలియగానే అందరి చూపూ హిమాలయాల్లోని యూ చెట్ల మీద పడింది. ఆకు ఒక్కటే కోసుకుంటే ఫరవాలేదు. కానీ అది ఎవరూ నాటిన తోట కాదు, అడవి. అక్కడ దొరికినంత దోచుకోవడమే. కొమ్మలకి కొమ్మలే నరికారు, చెట్లు మోడులయ్యాయి. 1995లో దాన్ని అంతర్జాతీయ వ్యాపార నియంత్రణ జాబితాలోకి చేర్చారు. అంటే అమ్మ ప్రశ్న ఒక్కటీ సరిపోదు. దాని పక్కన ఇంకొకటి వేసుకోవాలి: పొలమా, అడవా?

ఈ రెండు ప్రశ్నలతో మన ఇళ్ళల్లోకి వద్దాం.

బిళ్ళ గన్నేరు చూడండి. మన పెరళ్ళలో, గుడి గోడల పక్కన, మురిక్కాలవ గట్టున కూడా పూస్తుంది. షుగర్‌కి మంచిదని ఆకు నమిలేవాళ్ళు మన ఊళ్ళో ఇప్పటికీ ఉన్నారు. జమైకాలోనూ అదే నమ్మకం. అక్కణ్ణుంచి వచ్చిన ఆకుల్ని కెనడాలో రాబర్ట్ నోబుల్ పరీక్షిస్తే షుగర్ సంగతి తేలలేదు గానీ, తెల్ల రక్తకణాలు పడిపోవడం కనిపించింది. అలా 1958లో ఆయనా, చార్లెస్ బీరూ కలిసి విన్‌బ్లాస్టిన్‌ని విడదీశారు. దాని తోబుట్టువు విన్‌క్రిస్టిన్ 1963 నుంచి పిల్లల రక్త క్యాన్సర్‌కి పెద్ద దిక్కు. ఆకులో మందు చాలా తక్కువ, గ్రాము కోసం వందల కిలోల ఎండుటాకు కావాలి. అయినా బిళ్ళ గన్నేరుకి ముప్పు రాలేదు. పొలంలో వేస్తే నెలల్లో పంట చేతికొస్తుంది మరి. 2022లో ఈస్ట్ కణాల చేత దాని ముడిపదార్థాలు తయారు చేయించి చూపించారు కూడా. ఒక హెచ్చరిక: కీమో తీసుకుంటున్నవాళ్ళు ఆకురసాలు, పొడులు వాడేముందు డాక్టరుకి చెప్పండి. మా ఇంటికీ బిళ్ళ గన్నేరు సలహా నాలుగు ఫోన్లలో వచ్చింది. అసలే తెల్లకణాలు తగ్గిన మనిషికి వాటిని ఇంకా తగ్గించే ఆకు!

ఇక వేరు. బ్లడ్‌ప్రెషర్‌కి సర్పగంధ ఎలా పనిచేస్తుందో బొంబాయి డాక్టరు రుస్తుం వకీల్ 1949లో ఇంగ్లీషు పత్రికలో రాశారు. 1952లో స్విస్ శాస్త్రవేత్తలు దాని వేరులోంచి రిసర్పిన్ తీశారు. ప్రపంచమంతా ఆ వేరు కోసం ఎగబడింది. వేరు తవ్వితే మొక్క ఇక లేనట్టే కదా. 1990లో అదీ నియంత్రణ జాబితాలోకి ఎక్కింది. అశ్వగంధ కూడా వేరే, కానీ దాన్ని మధ్యప్రదేశ్‌లోనూ, మన అనంతపురం వైపునా రైతులు పంటగా వేస్తారు. ఈ ఏడు తవ్వితే వచ్చే ఏడు మళ్ళీ విత్తుతారు. రెండూ వేర్లే. ఒకటి అడవిలోంచి పోయింది, ఒకటి పొలంలోంచి వచ్చింది.

నా తప్పు కూడా ఒకటి ఒప్పుకోవాలి. కొన్నేళ్ళ కిందట కొలెస్ట్రాల్‌కి మంచిదని ఇక్కడి షాపులో గుగ్గులు మాత్రలు కొని, మా నాన్నకీ నాకూ ఏడాది పాటు వాడాను. అది గుజరాత్, రాజస్థాన్ ఎడారి నేలల్లో పెరిగే ముళ్ళ చెట్టు బంక, మైసాక్షి అంటారు. ఎక్కువ బంక కోసం లోతుగా గాట్లు పెడితే చెట్టు ఎండిపోతుంది. ఈనాడు అది అంతరించిపోయే ప్రమాదం అతి తీవ్రంగా ఉన్న జాతుల జాబితాలో ఉంది. పోనీ ఫలితమన్నా ఉందా అంటే, అమెరికాలో 2003లో వచ్చిన ఒక పరీక్షలో చెడు కొలెస్ట్రాల్ తగ్గకపోగా కాస్త పెరిగింది. సీసా మీద "సహజం" అని రాసుంటే చాలనుకున్నాను. సహజం అన్న మాట మొక్క గురించే గానీ, దాన్ని తెచ్చిన తీరు గురించి కాదు.

మా నల్లమలలోనూ ఇదే కథ. తపసి చెట్టు బంక తెలుసుగా? విరేచనం మందుల్లోకి, కట్టుడు పళ్ళు అంటించుకునే పొడుల్లోకి అది మన అడవుల నుంచి అమెరికా దాకా వస్తుంది. గొడ్డలితో లోతుగా నరికితే ఈ ఏడు బంక ఎక్కువ, తరువాత చెట్టే ఉండదు. పైపైన చిన్న గాటు పెట్టి, అది మానేదాకా ఆగితే ఏళ్ళ తరబడి బంక ఇస్తుంది. ఈ సంగతి చెంచుకి తెలియక కాదు. ఇవాళ అప్పు తీర్చాల్సినవాడు చెట్టు మానేదాకా ఎలా ఆగుతాడు? 1956లో గిరిజన సహకార సంస్థ పెట్టింది షావుకారు చేతిలోంచి అతన్ని తప్పించడానికే. 2006 అటవీ హక్కుల చట్టం ఆ బంక మీద, కాయ మీద హక్కు అతనిదేనంది. హక్కూ, సరైన ధరా ఉంటే చెట్టుని కాచుకునేవాడు అతనే. దెబ్బలకి పట్టు వేసే నరమామిడి బెరడు సంగతి చూడండి. అగరుబత్తీల జిగురు పొడి కోసం కొనేవాళ్ళు ఎగబడ్డాక, తూర్పు కనుమల్లో ఆ చెట్లని నిలువునా ఒలిచేశారు. అందుకని మూడో ప్రశ్న: కోసినవాడికి ఏం దక్కింది?

ఆకా, బెరడా, వేరా? పొలమా, అడవా? కోసినవాడికి ఏం దక్కింది? ఈ మూడూ మనం కొనే ప్రతి సీసా దగ్గరా అడగవచ్చు. సీసా మీద మొక్కలోని ఏ భాగమో ఉంటుంది, చదవండి. సాగు చేసిందో అడవిదో రాయకపోతే కంపెనీకి ఒక ఈమెయిల్ రాయండి. అడవిదే అయితే, పద్ధతిగా సేకరించారని తెలిపే ఫెయిర్‌వైల్డ్ లాంటి గుర్తు ఉందేమో చూడండి. జవాబు రాకపోతే కొనకండి.

ఇంకొక్క మనవి. మనం ఊరికి వెళ్ళినప్పుడు మొక్కలు నాటి ఫొటోలు దిగుతాం, మంచిదే. ఈసారి ఆ డబ్బుతో తపసి, నరమామిడి, సర్పగంధ మొలకలు పెంచే ఒక చిన్న నర్సరీ పెట్టి, నడిపే బాధ్యత అడవి పక్క ఊళ్ళో వాళ్ళకే జీతమిచ్చి అప్పగిస్తే ఎలా ఉంటుంది? ఎవరైనా ముందుకొస్తే నా వంతు చందా ఇప్పుడే రాసిస్తాను.

2019లో అమ్మ ఇక్కడికి వచ్చినప్పుడు ముగ్గురం ప్యాక్‌వుడ్ వైపు వెళ్ళాం. దారి పక్కన ఒక యూ చెట్టు కనబడింది. నేను చరిత్ర చెప్పబోతే ఇద్దరూ వినలేదు. మా ఆవిడ బెరడు మీద చెయ్యి వేసి, "గరుగ్గా తెలుస్తోంది" అంది. ఆ వేళ్ళకి స్పర్శ తిరిగొచ్చిందని నాకు అప్పుడే తెలిసింది. అమ్మ చెట్టు చుట్టూ తిరిగి, ఎక్కడన్నా గాటు ఉందేమోనని చూసింది. లేదు.

ఇక పాటల హాల్లోకి వెళ్ళవచ్చు.