అచ్చమాంబ గారి రత్నమాల, మన సావనీరు
(సంక్రాంతి సభలో సావనీర్ కమిటీ తరఫున చదివిన ప్రసంగ పాఠం)

ప్రసాదాల లైను మొదలయ్యేలోపు ముగించమన్నారు కాబట్టి నేరుగా విషయానికి వస్తాం.

ఇదే జనవరి నెలలో, 1905లో, భండారు అచ్చమాంబ గారు బిలాస్‌పూర్‌లో ప్లేగు రోగులకు సేవ చేస్తూ అదే జబ్బుతో పోయారు. అప్పటికి ఆవిడ వయసు 30 ఏళ్లు.

పుట్టింది 1874లో, కృష్ణా జిల్లా పెనుగంచిప్రోలులో. ఆరేళ్లకు తండ్రి పోయారు, పదేళ్లకు పెళ్లయింది. బడి మొహం చూడలేదు. భర్త మాధవరావు గారి ఉద్యోగం వల్ల కాపురం మధ్య పరగణాల్లో. తమ్ముణ్ణి తనతో తీసుకెళ్లి చదివించారు. తర్వాత తెలుగులో విజ్ఞాన సర్వస్వం మొదలుపెట్టిన కొమర్రాజు లక్ష్మణరావు గారే ఆ తమ్ముడు. అతను చదువుకుంటుంటే పక్కన కూర్చుని ఆవిడా తెలుగు, హిందీ చదవడం, రాయడం నేర్చుకున్నారు. తర్వాత మరాఠీ, బెంగాలీ, గుజరాతీ. చుట్టూ వేరే భాష వినిపించే ఊళ్లో కూర్చుని తెలుగు రాయడమంటే ఏమిటో మనకు ఒకరు చెప్పాలా!

ఆడవాళ్లకు బుద్ధి తక్కువ, చదివిస్తే చెడిపోతారు అనే వాదం ఆ రోజుల్లో గట్టిగా నడిచేది. ఆవిడ వాదం పెట్టుకుని ఊరుకోలేదు. ఫలానా ఆవిడ ఇలా బతికింది, చూడండి అంటూ ఒక్కొక్క జీవితమూ సేకరించి ముందు పెట్టారు. 1901లో వచ్చిన ‘అబలా సచ్చరిత్ర రత్నమాల’ మొదటి భాగం అదే. పేరులో ‘అబల’ అని పెట్టి లోపలంతా ధీరలనే చూపించడం మాకు భలే నచ్చింది. చరిత్రలోని స్త్రీలు, వేద పురాణ స్త్రీలు, పరదేశపు స్త్రీలు అని మూడు భాగాలు అనుకున్నారు. అన్నీ పూర్తి చేసే ఆయుష్షు లేకపోయింది. కన్న బిడ్డలిద్దరినీ పోగొట్టుకున్న తల్లి ఇంత పని తలకెత్తుకున్నారు. పైగా 1902లో ఓరుగంటి సుందరీ రత్నమాంబ గారితో కలిసి మచిలీపట్నంలో స్త్రీ సమాజం పెట్టారు. కథలు సరేసరి.

ఇదంతా ఇప్పుడెందుకు ఎత్తామంటే, మా తప్పు ఒకటి ఒప్పుకోవాలి. పోయినేడాది వార్షికోత్సవ సావనీరులో ‘మన గుడి చరిత్ర’ రాసింది మేమే. పన్నెండు పేజీలు. స్థలం కొన్నవారు, బ్యాంకుకు తిరిగినవారు, అందరి పేర్లూ ఉన్నాయి, అందరూ మగవాళ్లే. గుడి లేని రోజుల్లో ఉత్సవ విగ్రహాలను తమ ఇంటి బేస్‌మెంట్‌లో పెట్టుకుని, ప్రతి శనివారం ఊరందరికీ పులిహోర కలిపినవాళ్ల గురించి ‘వంటలు: మహిళా విభాగం’ అని ఒక్క ముక్క రాశాం. రత్నమాల గురించి చదువుతుంటే ఆ ముక్కే గుర్తొచ్చి సిగ్గేసింది.

పోయిన నెల ఒక పెద్దావిడ దగ్గరికి వెళ్లాం. “నాదేముంది నాయనా రాయడానికి, వండాను, అంతే” అన్నారు. అంటూనే గంటన్నర చెప్పారు. వచ్చే సంచికలో మొదటి పేజీ ఆవిడదే. మిగతా ఇళ్లకూ వస్తాం. పాత ఫోటోలు కాస్త వెతికి ఉంచండి.