స్టువర్టుపురం బిడ్డ ఎత్తిన 338 కిలోలు

(బందరులో మన సంఘం జరుపుకున్న ఆదివాసీ దినోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)



నేను ఎరుకల బిడ్డను. బి.ఇడి. చేసి కొన్నేళ్ళు పాఠాలు చెప్పి, ఆ తర్వాత వార్డెన్ ఉద్యోగంలోకి వచ్చాను. పిల్లల చదువు గురించి, ఆటల గురించి మాట్లాడమన్నారు. ఒక ఆటగాడి కథ చెప్పి, దాని వెంట నా తప్పు కూడా ఒకటి చెప్పుకుంటాను.

కండబలం అనగానే మన కృష్ణా జిల్లాలో పెద్దవాళ్ళకు గుర్తొచ్చే పేరు దండమూడి రాజగోపాలరావు గారు. ఉయ్యూరు దగ్గర గండిగుంట ఆయనది. 1963లో వచ్చిన నర్తనశాల సినిమాలో భీముడు ఆయనే. విజయవాడలో ఇండోర్ స్టేడియానికి ఆయన పేరే పెట్టారు. అలాంటి బలవంతుడు మన తెగల్లో లేడా అని మా పిల్లలు అడుగుతుంటారు. ఉన్నాడమ్మా. ఎక్కడో కాదు, కృష్ణ అవతలి ఒడ్డునే. పులిగడ్డ వారధి దాటి, రేపల్లె మీదుగా బాపట్ల వెళ్ళి, అక్కణ్ణించి చీరాల వైపు రైలెక్కితే దారిలో ఒక చిన్న స్టేషన్ వస్తుంది. బోర్డు మీద స్టువర్టుపురం అని ఉంటుంది.

ఆ ఊరి బిడ్డ రాగాల వెంకట రాహుల్. 1997లో పుట్టాడు. మన ఎరుకల కుటుంబం. 2018 ఏప్రిల్‌లో ఆస్ట్రేలియాలోని గోల్డ్‌కోస్ట్‌లో జరిగిన కామన్వెల్త్ క్రీడల్లో 85 కిలోల విభాగంలో బంగారు పతకం తెచ్చాడు.

పిల్లలకు అర్థమయ్యేట్టు చెబుతాను. వెయిట్ లిఫ్టింగ్ వేరు, బాడీ బిల్డింగ్ వేరు. బాడీ బిల్డింగ్‌లో కండలు చూసి మార్కులు వేస్తారు. వెయిట్ లిఫ్టింగ్‌లో కండ ఎంత అందంగా ఉందని ఎవరూ అడగరు. బరువు తలపైకి లేచిందా లేదా అన్నదే లెక్క. నేల మీది నుంచి ఒక్క ఊపున తలపైకి ఎత్తేది స్నాచ్. ముందు భుజాల దాకా తెచ్చి, అక్కణ్ణించి పైకి ఎత్తేది క్లీన్ అండ్ జెర్క్. ఒక్కోదానికి మూడు అవకాశాలు ఇస్తారు. రెండింట్లో మంచివి తీసుకొని కలుపుతారు. రాహుల్ స్నాచ్‌లో 151, క్లీన్ అండ్ జెర్క్‌లో 187, మొత్తం 338 కిలోలు ఎత్తాడు. రెండో స్థానంలో వచ్చిన సమోవా దేశపు కుర్రాడి కంటే 7 కిలోలు ఎక్కువ. మన హాస్టల్‌కు వచ్చే 50 కిలోల బియ్యం బస్తాలు మూడు ఒకదాని మీద ఒకటి పెట్టి, పైన ఇంకో 37 కిలోలు వేస్తే అది 187. దాన్ని తలపైన ఆపి, కదలకుండా నిలబడాలి.

అంతకు నాలుగేళ్ళ ముందే, 2014లో, చైనాలోని నాన్జింగ్‌లో జరిగిన యూత్ ఒలింపిక్స్‌లో 77 కిలోల విభాగంలో వెండి పతకం తెచ్చాడు. అప్పటికి అతనికి పదిహేడేళ్ళు.

అయితే ఆ బిడ్డ పుట్టకముందు నుంచే అతని మీద ఇంకో బరువు ఉంది. ఊరి పేరు బరువు.

మన తాతముత్తాతలు గాడిదల మీద, ఎడ్ల మీద ఉప్పు, ధాన్యం వేసుకొని తీరం నుంచి మెట్టకు తిరిగిన వ్యాపారులు. బుట్టలల్లారు, ఎరుక చెప్పారు, పందుల్ని పెంచారు. ఉప్పు మీద తెల్లదొరల పెత్తనం వచ్చి, రైళ్ళు వచ్చి ఆ వ్యాపారం దెబ్బతింది. ఆ తర్వాత తిరిగేవాణ్ణల్లా దొంగ అన్నారు. 1871లో నేరస్థ తెగల చట్టం చేశారు. 1911లో చేసిన కొత్త చట్టంతో అది మద్రాసు రాష్ట్రంలోని మనవాళ్ళ మీదకు వచ్చింది. వేలిముద్రలు తీసుకున్నారు. పోలీసుల ముందు హాజరు వేయించుకోవాలన్నారు. చీటీ లేకుండా ఊరు దాటకూడదన్నారు. చేసిన నేరానికి కాదు, పుట్టిన కులానికి శిక్ష. అలా మనవాళ్ళను తెచ్చి పెట్టిన సెటిల్‌మెంట్లలో స్టువర్టుపురం ఒకటి. సాల్వేషన్ ఆర్మీ వాళ్ళు నడిపారు. పేరు కూడా మనది కాదు, మద్రాసు ప్రభుత్వంలో పెద్ద అధికారిగా ఉన్న స్టువర్ట్ దొరది.

స్వాతంత్ర్యం వచ్చాక 1952 ఆగస్టు 31న దేశమంతటా ఆ చట్టం పోయింది. చట్టం పోయింది గానీ మాట పోలేదు. ఊరి పేరుతో సినిమాలు తీశారు. బస్సులో పక్కన కూర్చున్నవాళ్ళు ఏ ఊరమ్మా అని అడిగితే మనవాళ్ళు బాపట్ల అనో చీరాల అనో చెప్పి ఊరుకున్నారు. ఇక్కడున్న యానాది అక్కలకు ఇది నేను చెప్పనక్కర్లేదు. నెల్లూరు వైపు మీవాళ్ళను కూడా ఆ జాబితాలో రాశారు.

ఇప్పుడు నా సంగతి.

పన్నెండేళ్ళ కిందట నేను పనిచేసిన ఒక హాస్టల్లో ఒక పిల్ల పరీక్ష ఫీజు డబ్బులు పోయాయి. మూడు వందల రూపాయలు. పిల్లలందరినీ వరండాలో నిలబెట్టాను. మొదట తెరిపించింది ఎవరి ట్రంకు పెట్టె అనుకున్నారు? దివిసీమ నుంచి వచ్చిన ఒక యానాది పిల్లది. ఎందుకు ఆ పెట్టే మొదట? ఆ రోజు నన్ను ఎవరూ అడగలేదు. నన్ను నేనూ అడగలేదు. అందులో రెండు జతల బట్టలు, పుస్తకాలు, కాగితంలో చుట్టిన ఎండు రొయ్యలు ఉన్నాయి. డబ్బులు సాయంత్రం దొరికాయి, పోగొట్టుకున్న పిల్ల పుస్తకం అట్టలోనే.

ఆ పిల్లను ఆఫీసు గదిలోకి పిలిచి, పొరపాటైందమ్మా అన్నాను. తలూపి వెళ్ళిపోయింది. సంక్రాంతి సెలవులకు ఇంటికి వెళ్ళి మళ్ళీ రాలేదు. రెండుసార్లు వాళ్ళ పేటకు వెళ్ళాను. పీతల వేటకు పోయిందని ఒకసారి చెప్పారు. రెండోసారి పిల్ల ఇంట్లోనే ఉంది, బయటికి రాలేదు. వాళ్ళ నాయనమ్మ మాత్రం నాకు మంచినీళ్ళిచ్చి కూర్చోబెట్టింది.

తిరిగి వస్తుంటే అర్థమైంది. వెతికింది అందరి ముందు. పొరపాటన్నది తలుపు వేసిన గదిలో. నేనూ ఆ మాట పడ్డ కులంలో పుట్టినదాన్నే. మమ్మల్ని చూసిన చూపుతోనే నేను ఆ పిల్లను చూశాను.

అందుకే రాహుల్ గెలిచిన రోజు టీవీలో స్టువర్టుపురం అన్న మాట వింటే నాకు ఏడుపొచ్చింది. ఆ ఊరి పేరు పోలీసు వార్తలో కాకుండా జాతీయ గీతం పక్కన వినబడింది.

అయితే పిల్లలూ, పట్టుదల ఒక్కటే ఉంటే చాలని నేను చెప్పను. అది సగం మాటే. రాహుల్‌ను ఇంట్లో తండ్రి ప్రోత్సహించారు. చిన్నతనంలోనే హకీంపేట క్రీడా పాఠశాలలో చేరాడు. అక్కడ వేళకు తిండి, వేళకు సాధన, పక్కన కోచ్. బలం గాలిలోంచి రాదు. గుడ్డు, పప్పు, పాలు, నిద్ర, నేర్పేవాళ్ళు, ఇవన్నీ కలిస్తే వస్తుంది. ఇలాంటి బిడ్డలు మన పేటల్లో ఎందరో ఉన్నారు. వాళ్ళను ఆ గేటు దాకా తీసుకెళ్ళేవాళ్ళే తక్కువ.

అందుకని మూడు మాటలు అడుగుతాను.

తల్లిదండ్రులకు: క్రీడా పాఠశాలల్లో నాలుగో తరగతి వయసులోనే పిల్లల్ని ఎంపిక చేస్తారు. పదో తరగతిలో గుర్తొస్తే లాభం లేదు. కుల ధ్రువపత్రం, పుట్టిన తేదీ కాగితం ఇప్పుడే సిద్ధంగా పెట్టుకోండి. ఆడపిల్లకు బరువులేంటి అనకండి. మన శ్రీకాకుళం బిడ్డ కరణం మల్లీశ్వరి 2000లో సిడ్నీలో 240 కిలోలు ఎత్తి కంచు పతకం తెచ్చింది. ఒలింపిక్స్‌లో పతకం గెలిచిన మొదటి భారతీయ మహిళ ఆమే.

నా తోటి వార్డెన్లకు, టీచర్లకు: ఏదైనా పోతే ఏ పిల్ల పెట్టే ముందుగా తెరవకండి. పోగొట్టుకున్న పిల్లతో కలిసి ఆమె సామానే ముందు చూడండి. పొరపాటు చేస్తే, చేసిన చోటే, అందరి ముందే ఒప్పుకోండి. మా హాస్టల్లో ఇప్పుడు అదే పద్ధతి.

పిల్లలకు: ఎవరైనా ఏ ఊరు అని అడిగితే పక్కనున్న పెద్ద ఊరి పేరు చెప్పకండి. మీ పేట పేరే చెప్పండి. రాహుల్‌ది ఏ ఊరో ఇప్పుడు అందరికీ తెలుసు. మీ ఊరి పేరు చెప్పాల్సింది మీరే.

ఆ దివిసీమ పిల్ల ఎక్కడుందో, ఈ మాటలు ఆమెకు చేరతాయో చేరవో. ఇంత మంది ముందు చెబుతున్నాను. తప్పు నాది, నీది కాదమ్మా.