పూలు పేర్చే చేతులు - పెరడు ఎవరి పేర?

(బోథ్‌లో మహిళా కార్యకర్తల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



నన్ను స్త్రీల ఆస్తిహక్కుల గురించి మాట్లాడమన్నారు. నేను బతుకమ్మ పేర్చడంతో మొదలుపెడతాను. రెండింటికీ సంబంధం ఏమిటో చివరకు మీరే చెప్పండి.

పెత్తరమాస నాటి ఎంగిలిపూల నుంచి సద్దుల బతుకమ్మ దాకా మన ఇళ్లలో జరిగే పని గుర్తుచేసుకోండి. బంతి, చామంతి, గుమ్మడిపూలు పెరట్లో కోస్తాం. తంగేడు బీళ్లలో, గునుగు చేలల్లో దొరుకుతాయి. వాటి మోపులు తేవడానికి మగవాళ్లూ పోతారు. ఆ తర్వాతి పనంతా స్త్రీలదే. గునుగు కాడలు సమంగా కోయాలి, దారంతో చిన్న కట్టలు కట్టాలి, కొన్నింటికి రంగులద్ది ఆరబెట్టాలి. తాంబాలంలో ఆకులు పరచి, పూలు బయటికి, కాడలు లోపలికి ఉండేలా వరుస మీద వరుస పేర్చాలి. పైకి పోయేకొద్దీ వలయం చిన్నదవుతుంది. నడుమ ఆకులు, తుంచిన కాడలు కూరకపోతే బతుకమ్మ చెరువు దాకా పోకముందే ఒరిగిపోతుంది. ఇది తల్లి నుంచి బిడ్డకు వచ్చిన జ్ఞానం. కానీ దీన్ని ఎవరూ నైపుణ్యం అనరు, ‘ఆడవాళ్ల పని’ అంటారు.

2014లో బతుకమ్మ రాష్ట్ర పండుగ అయింది. తంగేడు రాష్ట్ర పుష్పమైంది. పండుగకు గౌరవం వచ్చినందుకు సంతోషమే. మరి పేర్చిన చేతులకు ఏమొచ్చింది?

మా చిన్నమ్మ సంగతి చెబుతాను. ముప్పయి ఏళ్లు నిండకముందే ఆమె భర్త పోయాడు. ఆ ఇంటి పెరట్లో బంతి నారు పోసేది, నీళ్లు మోసేది ఆమే. గునుగు కట్టలు ఆమె కట్టినంత ఒద్దికగా ఎవరూ కట్టలేరు. కానీ పేర్చడం మొదలయ్యేసరికి, "కట్టలు కట్టియ్యి గనీ తాంబాలం ముట్టకు" అనేవారు. చిన్నప్పుడు నాకు అది ఆచారంగానే కనిపించింది. అది ఆస్తి విషయం కూడా అని చాలా ఆలస్యంగా అర్థమైంది. శుభకార్యంలో చోటులేని మనిషికి పంపకాల్లో చోటు ఎవరిస్తారు? మరుదులు ఇల్లూ పెరడూ పంచుకున్న రోజు ఆమెను పిలవనేలేదు.

నిజానికి 1956 హిందూ వారసత్వ చట్టం ప్రకారం, వీలునామా రాయకుండా చనిపోయిన భర్త ఆస్తిలో భార్యకు అతని పిల్లలతో, తల్లితో సమానంగా వాటా ఉంది. ఆ మాట చిన్నమ్మకు ఎవరూ చెప్పలేదు. అయితే ఆ చట్టంలోనే ఒక మెలిక ఉండేది. కుటుంబం కాపురముంటున్న ఇంటిని మగ వారసులు పంచుకునేదాకా ఆడ వారసులు విభజన అడగరాదని 23వ సెక్షన్ చెప్పింది.

1986లో వచ్చిన ఆంధ్రప్రదేశ్ సవరణ, 1985 సెప్టెంబరు 5కు ముందు పెళ్లికాని కూతుళ్లకు ఉమ్మడి ఆస్తిలో కొడుకులతో సమాన హక్కు ఇచ్చింది. 2005 సెప్టెంబరు 9న అమలులోకి వచ్చిన కేంద్ర సవరణ పెళ్లయిన కూతుళ్లకూ ఆ హక్కు ఇచ్చి, 23వ సెక్షన్‌ను తొలగించింది. ఆ తేదీకి తండ్రి బతికి ఉండనవసరం లేదని 2020లో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది.

ఇక్కడున్న గోండు, కొలాం, లంబాడా అక్కలకు మాత్రం ఒక మాట విడిగా చెప్పాలి. కేంద్రం ప్రత్యేకంగా ప్రకటిస్తే తప్ప ఈ చట్టం షెడ్యూల్డ్ తెగలకు వర్తించదు. 2025 జూలైలో ఛత్తీస్‌గఢ్‌లోని ఒక గోండు కుటుంబం కేసులో, స్త్రీకి వాటా లేదనే ఆచారం రుజువు కానప్పుడు ఆమె వారసుల వాటాను కాదనడం వివక్షేనని సుప్రీంకోర్టు తీర్పిచ్చింది. ఆచారం పేరు చెప్పేవాళ్లను, "ఆ ఆచారం ఎక్కడుంది? చూపించండి" అని అడగడానికి ఇది ఆధారం.

పెరటి బయటి సంగతి కూడా చూడాలి. పత్తి చేలో గునుగు కలుపుమొక్క. కలుపు మందు కొట్టిన చేలో పండుగకు గునుగు దొరకదు, కలుపు తీసే ఆడవాళ్లకు కూలీ దొరకదు. బీడు భూమి ఎవరో ఒకరి సొంతమైతే తంగేడుతో పాటు మేకల మేత, వంటచెరకు కూడా మన చేయి దాటిపోతాయి.

కాబట్టి ఈ ఏడు మూడు పనులు చేద్దాం. భర్త లేని అక్కలను తాంబాలం ముందు కూర్చోబెట్టి పేర్పిద్దాం, వాళ్లతో కలిసి ఆడదాం. ప్రతి ఊళ్లో మన సంఘాల్లోని స్త్రీల ఇంటి పన్ను రసీదు, పట్టాదారు పాసుపుస్తకం ఎవరి పేర ఉన్నాయో రాసుకుందాం. వాటా అడగదలచుకున్న అక్క ఒంటరిగా కాక సంఘంతో కలిసి కార్యాలయానికి వెళ్లేలా చూద్దాం.

అడిగితే పుట్టింటి రాకపోకలు తెగిపోతాయని భయం ఉంటుంది. ఆ భయం ఉత్తది కాదు. పండుగకు పిలిచే అన్నదమ్ములే వాటా అడిగితే వాకిలి మూసేస్తారు. అందుకే ఈ మాట ఒక్కరే అడగకూడదు, అందరం అడగాలి. ముందుగా మన ఇళ్లలోనే అడుగుదాం: ఈ పూలు కోసిన పెరడు ఎవరి పేర ఉంది?